దండ తీశాక నవ్వాలి

ఆగస్టు 2, శనివారం

వైజాగ్ ఆసుపత్రికి వెళ్ళాం. స్కానింగు చూసి డాక్టరమ్మ మాట్లాడింది. మా ఆవిడ సన్యాసమ్మ కడుపులో గడ్డ. తీసెయ్యాలి. తీశాక దాన్ని పరీక్షకి పంపుతారు. ఆలస్యం చేయకండి అంది. ఇరవయ్యో తారీకు ఇచ్చింది.

వచ్చేటప్పుడు బస్సులో సన్యాసమ్మకి కిటికీ పక్క సీటు దొరికింది. భీమిలిలో దిగి వంకాయలు కొన్నాం.

ఆగస్టు 3

ఏమీ లేదు.

ఆగస్టు 4, సోమవారం

ఈరోజు చచ్చిపోయాను.

సీరియల్లో ఇంటిపెద్దని. సంక్రాంతి వెళ్ళినప్పటి నుంచి పడక్కుర్చీలో కూర్చుని దగ్గుతున్నాను. కథ ముందుకు నడవాలంటే నేను పోవాలన్నారు. సరే అన్నాను. బీచి రోడ్డు బంగళా వాకిట్లో పడుకోబెట్టారు. ముక్కులో దూది, నుదుట రూపాయి బిళ్ళ, మెడలో బంతిపూల దండ. పెద్దకూతురు వేషం వేసే హిమబిందు నా మీద పడి ఏడ్చింది. ఆమె తలపిన్ను నా మెడలో గుచ్చుకుంది. కదల్లేదు. ఒక్క టేకులో అయిపోయింది.

తర్వాత నవ్వు. చచ్చిన వేషం వేసినవాడు దండ తీసి, అదే కెమెరా ముందు కూర్చుని ఒకసారి నవ్వాలి. ఆ నవ్వు ఎక్కడా వేయరు. అయినా తీయాలి. తీయకపోతే వేషం ఒంటి మీదే ఉండిపోతుందని సినిమావాళ్ళ పట్టింపు. పెద్ద హీరోలకి కూడా తీస్తారు. నాకు నమ్మకం లేదు. అడ్డం చెప్పను.

నాకు చావు తేలిక, నవ్వు కష్టం. ఎప్పుడూ అంతే. కానీ ఎలాగో వచ్చేది. ఈరోజు రాలేదు. మేకప్ రజాక్ కోతిలా గెంతాడు. అతను వన్ టౌన్ మనిషి, నాతో చాలాకాలంగా ఉన్నాడు. "ఏటి బావా, పళ్ళు ఇంట్లో మర్చిపోనావా" అన్నాడు. పళ్ళు చూపించాను. కెమెరా వెనక ఉన్నాయన "తాతగారూ, అది నవ్వు కాదు" అన్నాడు. ఇంతలో వాన. సామానంతా వ్యానులోకి ఎత్తేశారు. మేనేజరు సాయిశంకర్ "రేపు తీద్దాం తాతగారూ" అన్నాడు. రేపు నాకు పనిలేదు. చచ్చిపోయాను కదా.

ఇంటికొచ్చాక సన్యాసమ్మ ఎప్పుడూ అడిగేదే అడిగింది.

"నవ్వినావా?"

"నవ్వేను."

"గట్టిగానా?"

"మామూలుగా."

అన్నం పెట్టింది.

ఆగస్టు 6, బుధవారం

పని లేదు. అరుగు మీద కూర్చున్నాను. సన్యాసమ్మ ఒకచేత్తో కడుపు పట్టుకుని ఒకచేత్తో బియ్యం ఏరుతోంది. నేను ఏరతానంటే ఇవ్వదు.

మొదటిసారి కెమెరా ముందు నిలబడ్డది ఈ భీమిలి ఒడ్డునే. అప్పుడు పోర్టులో బస్తాలు మోసేవాణ్ణి. సెలవురోజు, షూటింగు చూడ్డానికి వెళ్ళాను. వాళ్ళకి జాలరి కావాలి. అసలు జాలర్లు అటూ ఇటూ కదిలిపోతున్నారు. నేను కదలకుండా నిలబడ్డానని నన్ను తీసుకున్నారు. సిగ్గేసి కదల్లేదు. దాన్ని నటన అన్నారు.

అలా పోర్టు మానేశాను. కాపలావాణ్ణి, కోర్టు బంట్రోతుని, పంచాయితీలో తలూపే పెద్దమనిషిని, పెళ్ళికూతురి వెనక నిలబడే తండ్రిని. పూజారి వేషం ఒక పూటలో పోయింది, జంధ్యం తప్పు భుజాన వేసుకున్నాను. పోర్టు కూలీ వేషానికి మాత్రం ఎప్పుడూ తీసుకోలేదు. చూస్తే పోర్టు కూలీలా లేనన్నారు.

ఒక సినిమాలో చెప్పడానికి ఒక మాట ఇచ్చారు. "అయ్యగారు మేడ మీద ఉన్నారు." తగరపువలసలో ఆ సినిమాకి సన్యాసమ్మని తీసుకెళ్ళాను. నా మాట వచ్చింది. గొంతు నాది కాదు, హైదరాబాదులో ఇంకెవరిచేతో చెప్పించారు. సన్యాసమ్మ హాల్లో అందరూ వినేలా "ఇదెవుల గొంతు బావా?" అంది. తర్వాత ఎన్ని మాటలొచ్చినా అంతే, పెదాలు నావి. ఒకసారి మన యాస మాట్లాడే ముసలాడి వేషం ఉందన్నారు. వెళ్ళాను. దానికి బెజవాడ నుంచి ఎవరినో తెచ్చారు. ఆయన బాగా చేశాడు.

జుట్టు నెరిశాక చావు వేషాలు మొదలయ్యాయి. ఊపిరి బిగబట్టగలను. ఈగ వాలినా రెప్ప కదలదు. హైదరాబాదు వాళ్ళు కూడా శవం కావాలంటే అర్జునరావు తాతని పిలవండి అంటారు. వెళ్ళిన ప్రతిసారీ నవ్వాను. వచ్చిన ప్రతిసారీ సన్యాసమ్మ అడిగింది.

ఈసారి ఒక్కటే అబద్ధం చెప్పాను.

ఆగస్టు 8

దొడ్లో కాలు జారింది. పడలేదు. నాకు నమ్మకం లేదు.

ఆగస్టు 9

పడుకుంటే ఎడమ భుజం లాగుతోంది. ఆ రోజు వాకిట్లో గట్టి బల్ల మీద పడుకున్నందుకు. ఇంకేం కాదు.

ఆగస్టు 10, ఆదివారం

హిమబిందు వచ్చింది. సన్యాసమ్మని చూడ్డానికి బత్తాయిలు తెచ్చింది. మంచి పిల్ల. షూటింగు లేకపోయినా నన్ను నాన్నారూ అనే పిలుస్తుంది. తన ఏడుపు ఎలా ఉందని అడిగింది. బాగుందన్నాను.

సన్యాసమ్మ టీ ఇచ్చింది. ఆ పిల్ల టీ తాగుతూ, "పెద్దమ్మా, నాన్నారు ఆ రోజు ఎంత నవ్వించారనుకున్నావు. సచ్చిపోమంటే వెంటనే సచ్చిపోనారు. నవ్వమంటే మాత్రం ససేమిరా. రజాక్ బాబాయి గెంతి గెంతి పడిపోనాడు. ఆకరికి వానొచ్చి నవ్వకుండానే వచ్చీసినారు" అంది.

నేను బత్తాయిలు చూశాను.

సన్యాసమ్మ "అలగా" అంది. అంతే. ఇంకో బిస్కట్టు తీసుకోమంది.

ఆగస్టు 11, సోమవారం

సన్యాసమ్మ నిన్న సాయంత్రం నుంచి మాట్లాడలేదు. పొద్దున్న ఆసుపత్రికి కట్టుకెళ్ళాల్సిన చీరలు తీసి మళ్ళీ పెట్టెలో పెట్టేసింది.

"ఏటే అది" అన్నాను.

"నాను రాను."

"డాక్టరమ్మ ఆలస్యం సేయొద్దంది."

"నువ్వు నవ్వినాక ఎల్దాం."

నాకు అలాంటి నమ్మకాలు లేవన్నాను. తనకీ లేవంది. మరి ఇదేంటన్నాను. చీపురు పట్టుకుని వాకిలి ఊడ్చింది, ఊడ్చిందే ఊడ్చింది. తర్వాత అంది.

"నాకు మత్తిత్తారు కదా. అన్ని గంటలు నాను కళ్ళు తెరవను. ఆ దండ నీ మెడలో అలగే ఉండిపోనాది. నాను మెలకువగా ఉంతే నిన్ను సూసుకుంతాను. మత్తులో ఉంతే ఎవులు సూత్తారు నిన్ను?"

గడ్డ తన కడుపులో ఉంది. భయం నా గురించి. నీళ్ళు పట్టుకొస్తానని బయటికి వెళ్ళాను. బిందె తీసుకెళ్ళడం మర్చిపోయాను.

ఆగస్టు 12, మంగళవారం

రజాక్‌తో ఆలోచన చేశాను. ఫోన్‌లో తీసేద్దాం బావా, ఫోనూ కెమెరాయే అన్నాడు. బజారులో బంతిపూల దండ అడిగాను. పూలమ్మి ఎవరికన్నయ్యా అంది. నాకే అన్నాను. నా వైపు చూసి, ఇంకో మూర పువ్వులు ఊరికే ఇచ్చింది.

రజాక్ ముక్కులో దూది కూడా పెట్టాడు. పడుకున్నాను, లేచాను, దండ తీశాను. పెదాలు అటూ ఇటూ లాగాను. రజాక్ మంచిమాటే చెప్పాడు, "ఎనభై పైసలు నవ్వు బావా, సరిపోద్ది" అన్నాడు.

సన్యాసమ్మకి చూపించాం. కళ్ళజోడు తెచ్చుకుని చూసింది.

"ఇది నవ్వేటి? రేషన్ కార్డు మీద ఫోటో ఇది."

"భాభీ, వచ్చినంత వచ్చింది" అన్నాడు రజాక్.

"అయినా సావు ఒక కెమెరాలో, నవ్వు ఇంకో కెమెరాలో పెడతారేటి రజాకూ? నువ్వు ఆ పనిలో ఉన్నోడివి, నీకు తెల్దా?"

రజాక్ తల దించుకున్నాడు. తెలుసు.

నవ్వు పట్టాలంటే ఆ కెమెరాయే పట్టాలి. యూనిట్ ఇప్పుడు తగరపువలస దగ్గర కల్యాణమండపంలో ఉంది. పదిహేనున హైదరాబాదు వెళ్ళిపోతుంది. వినాయకచవితి దాటాకే మళ్ళీ వస్తుంది.

ఇరవయ్యో తారీకు దాటితే డాక్టరమ్మ మళ్ళీ ఎప్పుడిస్తుందో.

ఆగస్టు 13, బుధవారం

తగరపువలస వెళ్ళాను. పొద్దున్నుంచి సాయంత్రం దాకా మండపం గేటు దగ్గర నిలబడ్డాను. డైరెక్టరు బాబు నా ముందు నుంచే చాలాసార్లు వెళ్ళాడు. అడగాలనుకున్నాను. అడగలేదు.

ఇన్నేళ్ళలో నేను ఎవరినీ ఏదీ అడగలేదు. కుర్చీ కూడా అడగలేదు. పిలిస్తే వెళ్ళాను, నిలబడమన్నచోట నిలబడ్డాను, పొమ్మంటే వచ్చాను. అందుకే మళ్ళీ మళ్ళీ పిలిచారనుకుంటాను.

సాయిశంకర్ చూశాడు. "ఏంటి తాతగారూ ఇలా వచ్చారు?" అన్నాడు. ఊరికే అన్నాను. భోజనం పెట్టించాడు. పప్పు బాగుంది.

సన్యాసమ్మ ఏమీ అడగలేదు. పెట్టె మంచం కిందకి తోసేసి ఉంది.

ఆగస్టు 14, గురువారం

బస్సులో ఒకటే మాట అనుకుంటూ వెళ్ళాను. బాబూ, నా నవ్వు తీయలేదు. బాబూ, నా నవ్వు తీయలేదు. పక్క సీటాయన లేచి వెనక్కి వెళ్ళి కూర్చున్నాడు.

లోపల సీరియల్లో నా చిన్నకూతురి పెళ్ళి. నేను గేటు దగ్గర నిలబడే సరికి బట్టలు చూసే ఆయన వచ్చి, పనికి వచ్చాననుకుని, భుజాన జరీ కండువా వేసి, పదండి పదండి అని తోశాడు. కాదనే లోపల ఆడపెళ్ళివారి వైపు మూడో వరసలో కూర్చోబెట్టేశారు. కూర్చున్నాను. చేతికి అక్షింతలు ఇచ్చారు. బాజాలు మోగాయి. వేశాను.

డైరెక్టరు బాబు టీవీ పెట్టెలో చూస్తూ "కట్" అన్నాడు. "ఆ మూడో వరసలో ఎవరయ్యా?"

"అర్జునరావు తాతగారు సార్."

"ఆయన చచ్చిపోయాడు కదయ్యా. పెళ్ళికెలా వచ్చాడు?"

హిమబిందు "కన్నకూతురి పెళ్ళి కదా సార్, మనసాగక వచ్చుంటారు" అంది. మండపం అంతా నవ్వింది. నేను కండువా మడత పెట్టడం మొదలుపెట్టాను. మడత సరిగ్గా రావడం లేదు.

డైరెక్టరు బాబు దగ్గరికి వచ్చాడు. కోప్పడలేదు. "ఎందుకొచ్చారు తాతగారూ?"

నేను నిలబడ్డాను. బస్సులో అనుకున్న మాట ఒక్కటే ఉంది నోట్లో.

"బాబూ, నా నవ్వు తీయలేదు."

ఆయన కళ్ళజోడు తీశాడు. సాయిశంకర్ వైపు తిరిగాడు. "తీయలేదా?"

"వానొచ్చింది సార్ ఆ రోజు. తర్వాత తీద్దామని..."

"తర్వాతా? ఎప్పుడు, నిజంగా పోయాకా?" అన్నాడు. అని నాలిక కరుచుకుని నాకు దణ్ణం పెట్టాడు. ఇంత చదువుకున్న బాబు నాకు దణ్ణం పెట్టడం బాగాలేదు.

అప్పుడు ఒక్కొక్కరికీ ఒక్కొక్కటి గుర్తుకొచ్చింది. జనరేటరు కాలిపోయింది ఆ మర్నాడే అన్నారు. హీరోగారికి కంటి కురుపు లేచింది ఆ వారమే. డ్రోను సముద్రంలో పడిపోయింది. ఆడపెళ్ళివారూ మగపెళ్ళివారూ కూడా నన్నే చూశారు. డ్రోను సంగతి నాకు తెలీదన్నాను.

పెళ్ళిపందిట్లో శవాన్ని పెట్టకూడదని అందరూ ఒప్పుకున్నారు. కెమెరా మండపం వెనక్కి, వంటశాల దగ్గరికి మోశారు. చాప వేశారు. బంతిపూల దండ లేదు. ఉన్నవి పెళ్ళి దండలే. పెళ్ళికొడుకు దండ తెచ్చి రజాక్ నా మెడలో వేశాడు. పడుకున్నాను. బాగా చచ్చానని కెమెరా ఆయన అన్నాడు. లేచాను. దండ తీసి ఒళ్ళో పెట్టుకున్నాను. రజాక్ నా నుదుటి రూపాయి బిళ్ళ తీసి జేబులో వేసుకున్నాడు.

"ఇప్పుడు నవ్వండి తాతగారూ."

రాలేదు.

వంటవాళ్ళు కూడా గరిటెలు పట్టుకుని వచ్చారు. పెళ్ళికొడుకు వేషం ఆయన హాస్యం చెప్పాడు. బాగుంది. రాలేదు. రజాక్ మళ్ళీ గెంతబోయాడు, మోకాలు పట్టుకుని కూర్చున్నాడు. డైరెక్టరు బాబు "ఎన్ని టేకులైనా పర్లేదు, పెళ్ళి ఆగినా పర్లేదు" అన్నాడు. అలా అన్నాక ఇంకా బిగుసుకుపోయింది మొహం.

అప్పుడు హిమబిందు తన ఫోన్‌లో మా ఇంటికి వీడియో కలిపి, కెమెరా పక్కన పట్టుకుంది. సన్యాసమ్మ కనబడింది. ముందు చెవి కనబడింది, తర్వాత మొహం.

"ఏటి బావా, అది పెళ్ళికొడుకు దండ నాగుంది. నాను ఆసుపత్రికి ఎల్లకుండానే ఇంకోదాన్ని సూసుకున్నావేటి?"

అందరూ నవ్వారు. నాకు రాలేదు.

"అడిగినావా వోల్ని?" అంది. గొంతు మారింది.

"అడిగేను."

"నువ్వే?"

"నానే."

ఫోన్ దగ్గరగా పెట్టుకుని నన్ను చూసింది. తర్వాత అంది.

"సరే. అయితే బేగి ఆ నవ్వేదో నవ్వీసి రా. సంచి సర్దీసినాను. నీ తువ్వాలు కూడా ఎట్టినాను."

తర్వాత సరిగ్గా తెలీదు. కళ్ళలోంచి నీళ్ళు వచ్చాయి. పళ్ళు మాత్రం కనబడ్డాయన్నారు. కెమెరా ఆయన ఓకే అన్నాడు. డైరెక్టరు బాబు కూడా ఓకే అన్నాడు. నేను ఫోన్ వైపు చూశాను. సన్యాసమ్మ కళ్ళజోడు సర్దుకుని, "పర్నేదు. ఒగ్గీండి ఆయన్ని" అంది.

పెళ్ళి భోజనం తినే వెళ్ళమన్నారు. బస్సుకి వేళయిందన్నాను.

ఆగస్టు 16

సన్యాసమ్మ మూడు పూటలకీ సరిపడా చింతకాయ పచ్చడి నూరి సీసాలో పెట్టింది. ఆసుపత్రిలో నాకు కూర బాగోదట.

ఆగస్టు 19, మంగళవారం

ఆసుపత్రిలో చేరాం. ఏడో నంబరు మంచం. పక్క మంచం ఆమెది గాజువాక. ఆమె భర్త స్టీల్‌ప్లాంటులో చేసేవాడట. నన్ను పరీక్షగా చూసి, "మీరు ఆ సీరియల్లో చచ్చిపోయిన ఆయన కదా" అంది. అవునన్నాను. సన్యాసమ్మ "నవ్వు తీసీసినారు" అని చెప్పింది ఆమెకి.

ఆగస్టు 20, బుధవారం

పొద్దున్నే గాజులు, మెట్టెలు, పుస్తెలు అన్నీ తీయించారు. లోపల ఒంటి మీద ఏ లోహమూ ఉండకూడదట. సన్యాసమ్మ అన్నీ నా తువ్వాలు కొసన మూట కట్టింది. బోసి మెడతో తనని ఎప్పుడూ చూడలేదు. తనే నా చూపు చూసి మెడ మీదకి దుప్పటి లాక్కుంది.

బండి మీద తోసుకెళ్తుంటే పక్కనే నడిచాను.

"బావా."

"ఏటే."

"నాను కళ్ళు తెరిసేదాకా ఈడే కూకో. ఎటూ ఎల్లకు. టీకి కూడా ఎల్లకు."

"సరే."

"కదలకుండా కూకోడం నీకొచ్చును కదా. దానికే కదేటి నిన్ను పిలుత్తారు."

తలుపు మూశారు. గోడ పక్క బెంచీ మీద కూర్చున్నాను. తువ్వాలు మూట గుప్పిట్లో పట్టుకున్నాను. కదల్లేదు. మధ్యలో ఒక నర్సమ్మ వచ్చి భుజం మీద చెయ్యి వేసి, కాస్త వంగి, "తాతా, బాగున్నావా?" అంది. బాగున్నానన్నాను. ఆమె ఊపిరి వదిలి వెళ్ళింది. కొంతసేపటికి ఇంకొకామె వచ్చి అలాగే అడిగింది.

గడ్డ తీశారు. డబ్బాలో పెట్టి చూపించారు. చూశాను. పరీక్షకి పంపారు. కాగితం వచ్చే నెల మొదట్లో వస్తుందట. సన్యాసమ్మ ఇంకా మత్తులోనే ఉంది. బాగా పడుకుంది. రెప్ప కదలదు. నేను వేసిన వేషాల్లో కూడా అంత బాగా రాలేదు. నాకు అది నచ్చలేదు.

ఆగస్టు 21

కళ్ళు తెరిచింది. నేను ఫోన్ తీసి ఎదురుగా పట్టుకున్నాను. నవ్వమన్నాను.

"నోరెండిపోనాది" అంది. మళ్ళీ కళ్ళు మూసింది.

తడిగుడ్డ పెదాల మీద అద్దాను. అంతకు మించి నీళ్ళు ఇవ్వకూడదట.

ఆగస్టు 22

నవ్వమన్నాను. విసుక్కుంది.

పుస్తెలు మళ్ళీ వేసుకుంది. ముడి నన్నే వేయమంది. వేశాను. గాజువాక ఆమె అటు తిరిగింది.

ఆగస్టు 23, శనివారం

పొద్దున్న గంజి తాగింది. దిండు ఎత్తుగా పెట్టి కూర్చోబెట్టారు. ఫోన్ తీశాను. ఎదురుగా నిలబడ్డాను. వెలుగు కిటికీ వైపు నుంచి బాగుంది.

"మల్లీ ఏటి సేత్తన్నావు?"

"నీ నవ్వు తీత్తన్నాను."

"నానేటి సచ్చిపోనానా?"

"మొన్న పడుకున్నావు కదా, అలగే."

"ఎవులికి సూపిత్తావు?"

"ఎవులికీ సూపించను. అది ఎక్కడా ఎయ్యరు."

నా వైపు చూసింది. "ఏదీ, అయితే సెప్పు, మీవోళ్ళు సెప్తారు కదా, అది."

నాకు అర్థం కాలేదు. తర్వాత అయింది. ఇన్నేళ్ళూ ఆ మాట ఎవరో అంటే విన్నానే గానీ నేను ఎప్పుడూ అనలేదు. గొంతు సవరించుకున్నాను. వార్డంతా చూస్తున్నట్టు అనిపించింది.

"యాక్షన్" అన్నాను.

చాలా చిన్నగా వచ్చింది. గాజువాక ఆమె "ఏంటన్నారు?" అంది. సన్యాసమ్మ ఒకచేత్తో కుట్లు అదిమి పట్టుకుంది. "ఓలమ్మ, నవ్వించకండి, కుట్లు ఊడిపోతాయి" అంది. అని మొదలుపెట్టింది. ఆగలేదు. నర్సమ్మ వచ్చి కసిరినా ఆగలేదు.

కాసేపయ్యాక ఫోన్ చూశాను. చెయ్యి పైకి పోయినట్టుంది. తిరుగుతున్న ఫ్యాను ఒక్కటే వచ్చింది, దాని పక్కన గోడ. నవ్వు మాత్రం అంతా వినబడుతోంది. గొంతు తనదే.